కోచ్‌ నుంచి పారిపోయినవాడు

2016 రియో ఒలింపిక్స్‌ జూడోలో మన దేశం తరఫున దిగింది ఒక్కడే, పంజాబ్‌ కుర్రాడు అవతార్‌ సింగ్‌. 90 కిలోల విభాగంలో తొలి బౌట్‌లోనే ఓడి ఇంటిదారి పట్టాడు. మనవరకు కథ అక్కడితో సరి. కానీ అతన్ని ఓడించినవాడి కథ ఉంది, అదీ మనం సగమే విన్నది.

పేరు పోపోలె మిసెంగా. ఏ దేశం తరఫునా కాదు, ఒలింపిక్‌ జెండా కింద ఆడాడు. శరణార్థుల జట్టు ఒలింపిక్స్‌లో అడుగుపెట్టడం అదే మొదలు. ఆ పదిమందిలో అతనొకడు. రియో జనం సొంత ఊరి పిల్లాడన్నట్టు అరిచి గోలచేశారు.

పుట్టింది కాంగోలోని బుకావులో. పసితనంలోనే యుద్ధం తల్లిని పొట్టనబెట్టుకుంది. పిల్లాడు రోజుల తరబడి అడవిలో తిరిగి, చివరికి కిన్షాసాలో దిక్కులేని పిల్లల ఆశ్రమానికి చేరాడు. జూడో నేర్చుకున్నది అక్కడే. ఈ భాగం చాలామంది చెప్పారు, కన్నీళ్లు పెట్టించేలా చెప్పారు. నాకు మింగుడుపడనిది ఆ తర్వాతి భాగం.

పోపోలె అనామకుడేం కాదు. 2010లో ఆఫ్రికా జూనియర్‌ పోటీల్లో కాంస్యం గెలిచి, దేశం జట్టులో ఆడుతున్నవాడు. అయితే ఓడివస్తే కోచ్‌లు బోనులాంటి గదిలో పెట్టి తాళం వేసేవారని, తిండి కూడా సరిగా పెట్టేవారు కాదని తర్వాత అతనే చెప్పాడు. 2013లో ప్రపంచ పోటీలకు రియో తీసుకొచ్చారు. పాస్‌పోర్టులు, డబ్బులు కోచ్‌ల దగ్గరే ఉండిపోయాయి, హోటల్లో ఆటగాళ్లు పస్తులున్నారు. అతనూ, జట్టులోని క్రీడాకారిణి యోలాండే మబికా కూడా అక్కణ్నుంచి బయటపడి, భాష రాని నగరంలో ఆశ్రయం కోరారు. అంటే మొదటిసారి తుపాకుల నుంచి పారిపోయినవాడు రెండోసారి పారిపోయింది సొంత జట్టు నుంచి. శరణార్థి అనగానే మనకు బాంబులు, పడవలు కళ్ల ముందుకొస్తాయి గానీ ట్రాక్‌సూటు వేసుకున్న కోచ్‌ రాడు.

2014లో శరణార్థిగా గుర్తింపు వచ్చింది. మురికివాడలో కాపురం, లారీలకు సరుకెత్తే కూలిపని. ఆ తర్వాతే జూడో మళ్లీ దొరికింది. ఏథెన్స్‌ ఒలింపిక్స్‌ కాంస్య విజేత ఫ్లావియో కాంటో పేదపిల్లల కోసం నడిపే ఇన్‌స్టిట్యూటో రియాసావ్‌లో, జెరాల్డో బెర్నార్డెస్‌ అనే పెద్ద కోచ్‌ దగ్గర.

జూడో ఒక్కడే కూర్చుని చేసే సాధన కాదు. ఒకే పట్టు పదేపదే వేయాలంటే ఎదురుగా ఇంకొకడు నిలబడి ఒళ్లప్పగించాలి. అలా ఒళ్లప్పగించినవాళ్ల మీద పోపోలె శత్రువుల మీద పడ్డట్టు పడేవాడట. రోజువారీ సాధన కూడా అతనికి చావోరేవో. ఓడితే గదికి తాళం పడుతుందని నేర్చుకున్న ఒళ్లు మరి! బెర్నార్డెస్‌ కొత్త పట్లు నేర్పడం కన్నా ముందు ఆ బెదురు పోగొట్టాల్సివచ్చింది. ఎదుటివాడు దెబ్బ తగలకుండా లేస్తేనే రేపు మళ్లీ సాధనకు వస్తాడన్నది అక్కడి పాఠం. రియోలో బ్రెజిల్‌కు బంగారం తెచ్చిన రఫేలా సిల్వా కూడా ఈ సంస్థలో పెరిగిన పిల్లే.

అవతార్‌ తర్వాత ఎదురైంది ప్రపంచ విజేత, కొరియా వీరుడు గ్వాక్‌ డాంగ్‌హాన్‌. అక్కడ పోపోలె ఓడాడు. అయినా ఒలింపిక్స్‌లో బౌట్‌ గెలిచిన శరణార్థిగా పేరు మిగిలింది. అదే శరణార్థుల జట్టులో ఆడిన యోలాండే తొలి బౌట్‌లోనే లిండా బోల్డర్‌ చేతిలో ఓడింది. లిండా పుట్టింది నెదర్లాండ్స్‌లో, ఆడింది ఇజ్రాయెల్‌కు. జెండా మారినవాళ్లే ఇద్దరూ, కాకపోతే ఒకరికి కాగితాలున్నాయి. రియో పోటీలకు ముందు విలేకరుల సమావేశంలో తమ్ముళ్ల, అన్నల ఊసెత్తేసరికి పోపోలె ఏడ్చేశాడు. ఏళ్లయింది వాళ్లను చూసి.

టోక్యో ఒలింపిక్స్‌కూ వెళ్లాడు, హంగేరీ ఆటగాడు టోత్‌ చేతిలో తొలి బౌట్‌లోనే ఓడాడు. వయసు, ఏళ్ల తరబడి పోయిన సాధన ఊరికే వదలవు కదా.

శరణార్థుల జట్టును నేను తప్పుపట్టను. పెట్టడం మంచిపనే. కానీ ఆ జట్టులోకి మనుషులు ఎలా వచ్చిపడుతున్నారో చూసే పని కూడా ఆటల పెద్దలదే. జూడో పోటీకి ముందు బరువు తూస్తారు, కోటు చేతులు పొట్టిగా ఉన్నాయేమోనని కొలబద్ద పెట్టి చూస్తారు. ఆ వరుసలోనే, నీ పాస్‌పోర్టు ఎవరి దగ్గరుంది, పొద్దున ఏం తిన్నావు అని కోచ్‌ పక్కన లేనప్పుడు ఆటగాణ్ని అడగడానికి ఒక నిమిషం పట్టదు.