గడువు పెరిగిన ఇంటి అప్పు

2022 మే 4న రిజర్వు బ్యాంకు రెపో రేటును 4 శాతం నుంచి 4.40 శాతానికి పెంచింది. అంతటితో ఆగలేదు. విడతలు విడతలుగా పెంచుకుంటూ పోయి 2023 ఫిబ్రవరి నాటికి 6.50 శాతానికి చేర్చింది. పది నెలలు కూడా నిండకుండానే రెండున్నర శాతం పెరుగుదల అది. ఇంటి అప్పు తీసుకున్న కుటుంబాల్లో చాలామంది నెలనెలా కట్టే కిస్తు మారకపోవడం చూసి ఆ పెంపు తమకు తగల్లేదనుకున్నారు. తగిలింది. కిస్తు అలాగే ఉండి, కట్టాల్సిన ఏళ్ళు పెరిగాయి. 2025లో ఫిబ్రవరి, జూన్ నెలల మధ్య మూడు విడతల్లో రేటు 5.50కి దిగి వచ్చింది. అప్పుడూ అంతే. పెరిగిన ఏళ్ళలో ఎన్ని తగ్గాయో లెక్క చూసుకున్నవారు తక్కువే.

ఈ పేజీలో వడ్డీ అప్పుల ప్రస్తావన ఏమిటని కొందరు పాఠకులు అడగవచ్చు. వడ్డీ గురించి దివ్య ఖుర్ఆన్ ఆదేశం ఏమిటో మేం కొత్తగా చెప్పనవసరం లేదు. అల్ బఖరా సూరాలో అది విస్పష్టంగానే ఉంది. మరోవైపు, వడ్డీ లేని బ్యాంకు మన దేశంలో లేదు. రఘురామ్ రాజన్ అధ్యక్షతన ఏర్పడిన ఆర్థిక సంస్కరణల కమిటీ 2008లో వడ్డీ రహిత బ్యాంకింగ్‌కు అవకాశం ఇవ్వాలని సిఫారసు చేసింది. అయితే ఆ ప్రతిపాదనను ముందుకు తీసుకుపోరాదని రిజర్వు బ్యాంకు నిర్ణయించుకున్నట్లు 2017లో వెల్లడైంది.

ఇతర దేశాల్లో వాడుకలో ఉన్న ఒక పద్ధతిలో బ్యాంకే ఇల్లు కొని, తన లాభం కలుపుకుని కొనుగోలుదారుకు వాయిదాల మీద అమ్ముతుంది. అంటే రెండు అమ్మకాలు, రెండుసార్లు స్టాంపు డ్యూటీ. ఈ రెండో సుంకం భారాన్ని బ్రిటన్ 2003లోనే చట్టం ద్వారా తొలగించింది. తెలంగాణలో 2021 జూలైలో రిజిస్ట్రేషన్ ఖర్చులన్నీ కలిపి ఏడున్నర శాతానికి పెరిగాయి. ఆ లెక్కన ఇల్లు రెండు చేతులు మారితే పదిహేను శాతం సుంకాలకే పోతుంది. మన దగ్గర ఆ దారి ఎందుకు తెరుచుకోలేదో చెప్పడానికి ఈ ఒక్క అంకె చాలు.

ఇల్లు లేనివాడు నిర్బంధ పరిస్థితిలో బ్యాంకు అప్పు తీసుకోవచ్చా అన్న మసలా ఉలమాలది. ఐరోపా ఫత్వా మండలి 1999లో అక్కడి ముస్లింలకు కొన్ని షరతులతో వెసులుబాటు ఇచ్చింది. దానితో ఏకీభవించని పండితులూ ఉన్నారు. మేం ఆ చర్చలోకి పోవడం లేదు. కాని వద్దనుకుని దూరంగా ఉన్న కుటుంబానికైనా, గత్యంతరం లేక తీసుకున్న కుటుంబానికైనా ఆ అప్పు అసలు ఖరీదు ఎంతో తెలియాలి. ఖుర్ఆన్‌లోని అతి పొడవైన వాక్యం, అల్ బఖరా 282, అప్పు గురించే. గడువు పెట్టి అప్పు ఇచ్చిపుచ్చుకుంటే రాసుకోమని అందులో ఆదేశం. మన ఇళ్ళలో ఇప్పుడు జరుగుతున్నదేమిటంటే, రాసుకున్న గడువు ఒకటి, నడుస్తున్న గడువు మరొకటి.

ముప్ఫై లక్షల లెక్క

ఒక ఉదాహరణ తీసుకుందాం. ముప్ఫై లక్షల అప్పు, ఎనిమిదిన్నర శాతం వడ్డీ, ఇరవై ఏళ్ళ గడువు. నెలకు కిస్తు సుమారు 26,035 రూపాయలు. మొదటి నెల కిస్తులో 21,250 వడ్డీకే పోతుంది. అసలుకు జమయ్యేది 4,785 మాత్రమే. ఐదేళ్ళు ఒక్క నెల కూడా తప్పకుండా కట్టినవాడు 15 లక్షల 62 వేలు కట్టి ఉంటాడు. అతని అసలు తగ్గింది మాత్రం మూడున్నర లక్షల పైచిలుకు. ఇంకా 26 లక్షల 44 వేలు బాకీ. అసలులో సగం తీరేది దాదాపు పద్నాలుగో ఏడు ముగిసేనాటికి. ఇరవై ఏళ్ళూ పూర్తయ్యాక కట్టిన మొత్తం 62 లక్షల 48 వేలు.

ఇందులో మోసం ఏమీ లేదు. మిగిలిన బాకీ మీదే వడ్డీ కడతారు గనుక, బాకీ ఎక్కువగా ఉన్న తొలి ఏళ్ళలో వడ్డీ ఎక్కువగా ఉంటుంది. చిక్కు ఎక్కడంటే, బేరం కుదిరేటప్పుడు మనం చూసేది కిస్తు ఒక్కటే. ‘నెలకు ఎంత కట్టగలరు?’ అని అవతలివాళ్ళు అడుగుతారు, మనం చెబుతాం, దానికి సరిపడేలా గడువు సాగుతుంది. ఇదే అప్పును ముప్ఫై ఏళ్ళకు సాగదీస్తే కిస్తు 23,067కు దిగుతుంది. నెలకు మూడు వేలు మిగిలాయన్న సంతోషం. అందుకు చెల్లించే మూల్యం మాత్రం ఇరవై లక్షల యాభై వేలకు పైగా అదనపు వడ్డీ. అదే పదిహేనేళ్ళకు కుదించుకుంటే కిస్తు 29,542. నెలకు మూడున్నర వేలు ఎక్కువ కడితే తొమ్మిది లక్షల ముప్ఫై వేలు మిగులుతాయి. వడ్డీ రేటులో పావు శాతం తగ్గించమని బ్యాంకు మేనేజరును నాలుగుసార్లు బతిమాలేవారు గడువు గురించి ఒక్కమాట కూడా అడగరు.

అయితే అరవై రెండు లక్షలు అనగానే బెదిరిపోనక్కరలేదు. ఇరవై ఏళ్ళ తర్వాత కట్టే రూపాయి ఈనాటి రూపాయి కాదు, ధరలతోపాటు జీతమూ కొంత పెరుగుతుంది. అద్దె ఇంట్లో ఉన్నవాడూ నెలనెలా కడుతూనే ఉంటాడు, ఆ డబ్బు తిరిగి రాదు. ఇంటి ఖరీదు కూడా పెరగవచ్చు. కాని నివాసానికి కట్టుకున్న ఇంటి ధర పెరిగితే చేతికి ఏమీ రాదు. దాన్ని అమ్మితే మరో ఇల్లు కొనుక్కోవాలి, దాని ధరా పెరిగే ఉంటుంది. ‘ఇల్లు కొంటే నష్టం లేదు’ అని బంధువులు చెప్పే ధీమా మాటలో ఈ భాగం ఉండదు.

చెప్పకుండా పెరిగేది

ఇక అసలు విషయానికి వద్దాం. 2019 అక్టోబరు 1 తర్వాత బ్యాంకులు కొత్తగా ఇచ్చే, వడ్డీ మారే ఇంటి అప్పులన్నీ రెపో రేటు వంటి బయటి కొలమానానికి ముడిపడి ఉండాలని రిజర్వు బ్యాంకు నిబంధన పెట్టింది. అంతకుముందు రేట్లు తగ్గినా బ్యాంకులు తగ్గించడం లేదన్న ఫిర్యాదు ఉండేది. ఆ ఫిర్యాదు చాలావరకు తీరింది. కాని తగ్గుదల త్వరగా వచ్చే దారిలోనే పెరుగుదల కూడా త్వరగా వస్తుంది.

ఏడు శాతం వడ్డీకి ఇరవై ఏళ్ళ గడువుతో ముప్ఫై లక్షలు తీసుకున్న కుటుంబాన్ని ఊహించండి. కిస్తు 23,259. రెండేళ్ళు కట్టాక బాకీ 28 లక్షల 52 వేలు. అప్పుడు రేటు రెండున్నర శాతం పెరిగి తొమ్మిదిన్నర అయిందనుకుందాం. ఆ బాకీ మీద నెల వడ్డీయే 22,579 అవుతుంది. కిస్తు మార్చకపోతే అసలుకు చేరేది నెలకు 680 రూపాయలు! ఈ లెక్కన అప్పు తీరడానికి మరో 37 ఏళ్ళు పడుతుంది. ఉండవలసింది పద్దెనిమిదేళ్ళు. గడువు పెరగకుండా ఉండాలంటే కిస్తు 27,606 కావాలి, అంటే నెలకు నాలుగు వేల మూడు వందలు ఎక్కువ. రిటైరయ్యే వయసు దాటి గడువును పొడిగించడానికి బ్యాంకులు సాధారణంగా ఒప్పుకోవు గనుక, కొంత గడువు పెంచి కొంత కిస్తు పెంచడం జరుగుతుంది. ముప్ఫైలో అప్పు తీసుకున్న యువకుడికి గడువు పెంచడానికి చోటు ఎక్కువ. అందుకే అతనికే ఈ పెంపు కనిపించదు.

రిజర్వు బ్యాంకు 2023 ఆగస్టు 18న ఇచ్చిన ఆదేశం ఈ అన్యాయాన్ని ఉద్దేశించినదే. వడ్డీ మారినప్పుడు కిస్తు పెంచుకుంటారా, గడువు పెంచుకుంటారా, రెండూ కొంత కొంతనా అని ఖాతాదారును అడగాలి. స్థిర వడ్డీకి మారే అవకాశం కూడా ఇవ్వాలని 2025 వరకు నిబంధన ఉండేది. కొంతగానీ మొత్తంగానీ ముందే తీర్చే అవకాశం ఇవ్వాలి. పెరిగిన గడువులో వడ్డీ కూడా తీరని పరిస్థితి రాకూడదు. ప్రతి మూడు నెలలకూ ఒక పట్టిక అందజేయాలి. ఇంతవరకు వసూలైన అసలు, వడ్డీ, కిస్తు మొత్తం, ఇంకా మిగిలిన కిస్తుల సంఖ్య, వార్షిక వడ్డీ రేటు అందులో ఉండాలి. బ్యాంకులకే గాక హౌసింగ్ ఫైనాన్సు సంస్థలకూ ఇది వర్తిస్తుంది. మా దృష్టిలో ఆ పట్టికలో అన్నిటికన్నా ముఖ్యమైన అంకె మిగిలిన కిస్తుల సంఖ్య. పోయినసారి పట్టికకంటే ఆ సంఖ్య మూడు తగ్గిందా, తగ్గకపోగా పెరిగిందా చూడండి. లెక్కలు రానివారికైనా ఇది సాధ్యమే.

హౌసింగ్ ఫైనాన్సు సంస్థల గురించి మరో మాట చెప్పాలి. మన సముదాయంలో జీతపు చీటీ చూపగలిగేవారికంటే మెకానిక్కులు, చిల్లర వ్యాపారులు, దర్జీలు, గల్ఫ్‌కు వెళ్ళి వచ్చి సొంత పని చేసుకునేవారు ఎక్కువ. నోటరీ కాగితాల మీద చేతులు మారిన ఇళ్ళూ తక్కువేమీ కావు. వాటిమీద బ్యాంకు అప్పు పుట్టదు. ఇలాంటివారు ఎక్కువ వడ్డీ తీసుకునే సంస్థల గడప తొక్కుతారు. పది లక్షలకు పదిహేనేళ్ళ గడువుతో ఎనిమిదిన్నర శాతమైతే మొత్తం 17 లక్షల 72 వేలు కడతారు. పన్నెండు శాతమైతే 21 లక్షల 60 వేలు. కాగితాలు సరిగా లేకపోవడం ఖరీదు దాదాపు నాలుగు లక్షలు. పైగా రెపో రేటుకు ముడిపెట్టాలన్న నిబంధన బ్యాంకులకే గాని ఈ సంస్థలకు లేదు. రేటు తగ్గింపు వార్త పత్రికలో చదివి తమ కిస్తు తగ్గుతుందని ఎదురుచూసేవారు ఇది గమనించాలి.

వడ్డీ భయంతో బ్యాంకుకు దూరమై ‘హలాల్ లాభం’ అని ప్రచారం చేసుకునే పథకాల్లో ఇంటికోసం దాచుకున్న సొమ్ము పెట్టడం ఇంకో ప్రమాదం. 2019లో బెంగళూరులో ఐఎంఏ సంస్థ కూలిపోయినప్పుడు వేలాది ముస్లిం కుటుంబాలు రోడ్డున పడ్డాయి.

వడ్డీ కాక మిగతా ఖర్చులను క్లుప్తంగా చూద్దాం. అప్పుతోపాటు ఒకే ప్రీమియం జీవిత బీమా అంటగట్టి, ఆ మొత్తాన్ని కూడా అప్పులో కలుపుతారు. లక్ష ప్రీమియం ఇరవై ఏళ్ళలో రెండు లక్షల ఎనిమిది వేలవుతుంది. ఇంటి అప్పుకు జీవిత బీమా తప్పనిసరి అని ఏ చట్టమూ చెప్పడం లేదు. నిర్మాణంలో ఉన్న ఫ్లాటుకు పూర్తయ్యేదాకా వడ్డీ ఒక్కటే కడితే చాలంటారు. ఆ నెలల్లో అసలు ఒక్క రూపాయి తగ్గదు, బిల్డరు ఆలస్యం చేసే కొద్దీ ఆ వడ్డీ మన నెత్తిన పడుతూనే ఉంటుంది. ఆదాయపు పన్నులో రెండు లక్షల వడ్డీ మినహాయింపు వస్తుందన్న మాట సొంత నివాసం విషయంలో పాత పన్ను పద్ధతికే చెల్లుతుంది. 2023-24 నుంచి ఎవరూ ప్రత్యేకంగా కోరకపోతే వర్తించేది కొత్త పద్ధతి, అందులో అది లేదు. 2024 అక్టోబరు 1 తర్వాతి వ్యక్తిగత, గృహ రుణాలకు ఫీజులన్నీ కలిపిన వార్షిక ఖర్చును చూపే ముఖ్య వివరాల పత్రం ఇవ్వాలి. సంతకాలకు ముందు ఆ ఒక్క కాగితమైనా చదివించుకోవాలి.

ఇప్పటికే అప్పులో ఉన్నవారు చేయగలిగింది ముందుగా తీర్చడమే. మారే వడ్డీ మీద తీసుకున్న ఇంటి అప్పును ముందే తీర్చినందుకు జరిమానా వసూలు చేయరాదని రిజర్వు బ్యాంకు 2012లోనే బ్యాంకులను ఆదేశించింది. పైన చెప్పిన ఎనిమిదిన్నర శాతం అప్పులో ఏడాదికి ఒక కిస్తు అదనంగా కడితే మూడేళ్ళకు పైగా ముందే అప్పు తీరుతుంది. ఆ సొమ్ము కట్టేటప్పుడు గడువు తగ్గించమని రాసి ఇవ్వాలి, లేకపోతే కిస్తు తగ్గించే అవకాశమూ ఉంది. ఎలాగూ ఏటా జకాత్ లెక్కకు ఇంట్లో బంగారం, నగదు, బాకీలు అన్నీ ముందు పెట్టుకుని కూర్చుంటాం. అదే రోజు ఈ పట్టికనూ పక్కన పెట్టుకుంటే సరిపోతుంది. కొన్ని కుటుంబాల్లో భార్యకు తెలియకుండా భర్త పేర అప్పు నడుస్తూ ఉంటుంది. ఆమె కూడా ఆ రోజు కూర్చోవాలి.

ఎందుకంటే ఈ గడువులో మనిషి ఆయుష్షు కూడా కలిసి ఉంది. అన్నిసా సూరాలో వారసుల వాటాలు చెప్పినచోట, మృతుని అప్పు తీర్చిన తర్వాతే అవి అని స్పష్టంగా ఉంది. యజమాని పోయేనాటికి పన్నెండేళ్ళ కిస్తులు మిగిలి ఉంటే, వితంతువూ పిల్లలూ ముందు ఎదుర్కొనేది ఆ బాకీనే. అప్పు పూర్తిగా తీరిన 30 రోజుల్లో అసలు దస్తావేజులన్నీ తిరిగి ఇవ్వాలని, సంస్థ తప్పువల్ల ఆలస్యమైతే రోజుకు 5,000 రూపాయల చొప్పున పరిహారం చెల్లించాలని 2023 డిసెంబరు 1 నుంచి నిబంధన ఉంది. ఖాతాదారు మరణిస్తే వారసులకు కాగితాలు అందజేసే విధానాన్ని కూడా ప్రతి సంస్థా ముందే ప్రకటించాలి. అప్పు పత్రం, ఖాతా నెంబరు, మూడు నెలల పట్టికలు ఏ పెట్టెలో ఉన్నాయో ఇంట్లో కనీసం ఇద్దరికి తెలిసి ఉండాలి. కాగితాలు చేతికొచ్చాక సబ్ రిజిస్ట్రారు ఆఫీసులో ఈసీ తీయించి, తనఖా రద్దయినట్లు అందులో నమోదైందో లేదో చూసుకోవాలి.