చంద్రవంశానికి లేని నింద

మన పెద్దలు క్షయవ్యాధికి రాజయక్ష్మ అని పేరు పెట్టారు. నక్షత్రాలకు రాజైన చంద్రునికి మొదట వచ్చిన రోగం కనుక ఆ పేరు కలిగిందని ఒక నిర్వచనం. దక్షుని కుమార్తెలు ఇరవై యేడుగురిని పెండ్లాడి, రోహిణి ఒక్కతె మీదనే మనసు నిలిపినందుకు మామగారు శపించిన కథ మిత్రులందరికీ తెలిసినదే. ఆ కథలో ఒక విశేషాన్ని మాత్రం మనం అంతగా గమనించము. చంద్రునికి క్షయ వచ్చినది గాని, చంద్రవంశానికి సంబంధాలు తప్పిపోలేదు. “మీ మూలపురుషుడు క్షయరోగి కదా” అని ఆ యింటివారిని నిలదీసిన మామ భారతంలో ఒక్కడూ కనబడడు. ఆ వంశంలోనే విచిత్రవీర్యుడు యక్ష్మతో మరణించాడు. “చూశారా, వంశంలో ఉన్నది!” అనబోయేవారికి ముందే మనవి చేస్తున్నాను: విచిత్రవీర్యునికి ఔరస సంతానమే లేదు.

ఈ ఉపోద్ఘాతానికి కారణం ఉన్నది. ఈ యేడు మాఘమాసంలో మా చల్లపల్లి దగ్గరి పల్లెలో ఒక సంబంధం కుదరబోయి తప్పిపోయింది. పిల్ల తండ్రికి పదునైదేండ్ల క్రిందట క్షయ వచ్చి, ఆరు నెలలు మందులు మింగి, పూర్తిగా నయమయింది. ఆయన ఇప్పుడు వ్యవసాయం చేసుకొంటున్నాడు. వరుని పక్షం వారిలో ఒకడు నా దగ్గర చదువుకొన్నవాడే, ఇంజనీరు. మధ్యవర్తిగా నేను వెళ్ళి అడిగితే, చాలా వినయంగా చెప్పాడు: “మాస్టారూ, అంటుకుంటుందని మా భయం కాదండీ, అది తగ్గిపోయిందిగా. ఇమ్యూనిటీ జీన్స్ అని ఉంటాయటండీ. అవి సరిగా లేనివాళ్ళకే టీబీ వస్తుందని నెట్లో చదివాను. రేపు పిల్లలకి వస్తే?”

అతడు అబద్ధమాడలేదు. చదివినదానిలో సగం నిజమే; ఆ సగం నిజంతోనే ఒక ఆడపిల్ల సంబంధం చెడినది. మిగిలిన సగం ఏమిటో వ్రాద్దామని ఈ టపా. నేను వైద్యుణ్ణి కాను, ముప్పై యేండ్లు తెలుగు చెప్పినవాణ్ణి. అందుచేత శాస్త్రవిషయాన్ని నాకు అలవాటైన పరిభాషలోనే చెబుతాను. కొంచెం పొడుగవుతుంది, ఓపిక పట్టండి.

1882 మార్చి 24న బెర్లినులో రాబర్ట్ కోక్ క్షయక్రిమిని ప్రకటించాడు. అంతవరకు ఐరోపాలో పలువురు ఇది వంశంలో దిగివచ్చే రోగమనే నమ్మేవారు. క్రిమి దొరకగానే వంశానికి విముక్తి కలిగిందనుకొన్నారు. అయితే క్రిమి సోకిన వారందరికీ రోగం రాదు. ప్రపంచ జనాభాలో దాదాపు నాలుగో వంతు మందికి ఈ క్రిమి సోకి ఉన్నదని అంచనా. వారిలో జీవితకాలంలో రోగం పాలయ్యేవారు నూటికి అయిదు నుండి పదిమంది. 1930లో జర్మనీలోని ల్యూబెక్ నగరంలో ఒక ఘోరం జరిగింది. బి.సి.జి. టీకా మందులో పొరపాటున నిజమైన క్షయక్రిమి కలిసిపోయి, 251 మంది పసిపిల్లల కడుపులోకి వెళ్ళింది. 72 మంది క్షయతో చనిపోయారు. తక్కినవారిలో ఎక్కువమంది జబ్బుపడి కూడా కోలుకొన్నారు. అందరికీ అందిన విషం మోతాదు ఒక్కటి కాదు, అదొక కారణం. కాని అదొక్కటే కారణమా అన్న ప్రశ్న అప్పటినుండి శాస్త్రజ్ఞులను వదలలేదు.

ఊపిరితిత్తులలోకి వచ్చిన క్రిమిని మేక్రోఫేజ్ అనే భక్షక కణం మింగుతుంది. మింగుతుంది గాని అరిగించుకోలేదు. అప్పుడది ఇంటర్‌ల్యూకిన్ 12 అనే దూతను పంపుతుంది. ఆ వార్త అందుకొన్న టీ కణాలు ఇంటర్‌ఫెరాన్ గామా అనే మరొక దూతను తిరుగుటపాలో పంపుతాయి. అది అందిన తరవాతనే భక్షక కణానికి చంపగల బలం వస్తుంది. చావని క్రిముల చుట్టూ కణాలన్నీ చేరి కోట కడతాయి. ఆ కోట కూలకుండా నిలిపేది టీ.ఎన్.ఎఫ్. అనే దూత. యుద్ధం శ్రుతిమించి సొంత ఊపిరితిత్తులనే తగులబెట్టకుండా “ఇక చాలు” అని చెప్పేది ఇంటర్‌ల్యూకిన్ 10. వీటన్నిటికీ కలిపి సైటోకైన్లని పేరు. నేను కణదూతలు అంటున్నాను.

ఈ దూతలను తయారుచేసే సూత్రాలు జన్యువులలో వ్రాసి ఉంటాయి. ఒక తాళపత్ర గ్రంథానికి నూరు ప్రతులుంటే నూటిలోనూ పాఠభేదాలున్నట్లే, మనుషుల జన్యువులలోను అక్షరభేదాలుంటాయి. వ్రాతప్రతులు పరిష్కరించిన వారికి తెలుసు: పాఠభేదాలలో చాలాభాగం అర్థాన్ని మార్చవు. కొన్ని కొంచెం మారుస్తాయి. ఏ ఒకటో రెండో పద్యాన్నే చంపివేస్తాయి. జన్యువులలోనూ సరిగ్గా అంతే, నా పూర్వవిద్యార్థి గ్రహించనిది ఇదే.

పద్యాన్ని చంపే పాఠభేదం సంగతి 1996లో బయటపడింది. మాల్టా ద్వీపంలోని ఒక పల్లె పిల్లలు, ట్యునీషియా మూలాలున్న ఒక పసిబిడ్డ – వీరికి మామూలు మనిషిని ఏమీ చేయలేని బలహీనపు క్రిములు, టీకాలోని బి.సి.జి. క్రిమి సైతం ఒళ్ళంతా వ్యాపించాయి. వెదకి చూడగా, ఇంటర్‌ఫెరాన్ గామాను అందుకోవలసిన గ్రాహకపు జన్యువే చెడి ఉన్నది. దూత వచ్చి తలుపు తట్టినా తీసేవారు లేరు. 1998లో ఇంటర్‌ల్యూకిన్ 12 గ్రాహకం విషయంలోనూ ఇటువంటి లోపమే దొరికింది. ఇవి బహు అరుదు. సాధారణంగా పసితనంలోనే బయటపడతాయి. మధ్యవయసులో జబ్బుచేసి, ఆరు నెలల మందుతో లేచి తిరిగే రైతుకు ఇది ఉన్నదనడానికి ఆధారమేమీ లేదు.

కొంచెం అర్థం మార్చే భేదానికి ఉదాహరణ 2018లో దొరికింది. టిక్2 అనే జన్యువులో ఒకే అక్షరభేదం తల్లి నుండీ తండ్రి నుండీ కూడా సంక్రమించినవారికి క్షయ ముప్పు పెరుగుతుంది. ఐరోపా సంతతిలో సుమారు 600 మందికి ఒకరిలో ఇది ఉన్నది. అక్కడి క్షయ కేసులలో ఇది వివరించగలిగినవి నూటికి సుమారు ఒకటి. తక్కిన తొంభైతొమ్మిదింటి మాటేమిటి?

ఇక సర్వసాధారణమైన భేదాలు. మన హైదరాబాదులోనే భగవాన్ మహావీర్ వైద్య పరిశోధనా కేంద్రం వారు, చర్లపల్లిలోని లెప్రా సంస్థ బ్లూ పీటర్ కేంద్రం వారితో కలిసి, క్షయరోగులలోను వారితో ఒకే కప్పు క్రింద ఉండే ఇంటివారిలోను కణదూతల జన్యువులను పోల్చి చూశారు. ఆ వ్యాసం 2014లో వెలువడింది. కొన్ని పాఠభేదాలకు రోగంతో సంబంధం కనబడింది. ఇటువంటి పరిశోధనలు ప్రపంచమంతటా చాలా జరిగాయి. ఒకచోట తేలిన సంబంధం మరొకచోట తేలకపోవడం వీటిలో మామూలే. కరోనా నాటి ముచ్చట ఒకటి చెబుతాను. నియాండర్తాల్ మానవుల నుండి సంక్రమించిన ఒక జన్యుఖండం జబ్బును తీవ్రం చేస్తుందని, అది దక్షిణాసియాలో దాదాపు సగం మందిలో ఉన్నదని 2020లో ప్రకటించారు. పత్రికలు గుండెలు బాదుకొన్నాయి. 2021లో మన సి.సి.ఎం.బి. శాస్త్రజ్ఞులు కూడా పాల్గొన్న పరిశోధనలో దక్షిణాసియా జనంలో ఆ సంబంధం కనబడలేదు. ఊరు మారితే పాఠభేదం ఫలితం మారుతున్నదన్నమాట. ఇంత అస్థిరమైనదాన్ని పట్టుకొని పెండ్లి చూపుల్లో తీర్పు చెప్పవచ్చునా?

పైగా “మంచి” జన్యువు, “చెడ్డ” జన్యువు అన్న విభజనే ఇక్కడ నిలవదు. కీళ్ళవాతంలో టీ.ఎన్.ఎఫ్. అతిగా పనిచేసి కీళ్ళను తినేస్తుంది. దానిని అణచే ఇన్‌ఫ్లిక్సిమాబ్ అనే మందు వచ్చింది. 2001లో, ఆ మందు వాడినవారిలో 70 మందికి క్షయ తలెత్తినదని అమెరికా వైద్యులు ప్రకటించారు. దూతను ఆపగానే కోట కూలింది, లోపల నిద్రిస్తున్న క్రిమి లేచింది. ఎక్కువైతే కీళ్ళు పోతాయి, తక్కువైతే ఊపిరితిత్తులు పోతాయి. ఏ దూత ఎంత ఉండాలో పెండ్లిపెద్దలు నిర్ణయించగలిగినది కాదు.

ఇప్పుడు మన గ్రంథాల మాట. చరకుడు ఈ రోగానికి నాలుగు కారణాలు చెప్పాడు: సాహసం, అంటే శక్తికి మించిన శ్రమ, వేగసంధారణం, అంటే శరీరవేగాలను బిగబట్టడం, క్షయం, అంటే ధాతువులు తరిగిపోవడం, విషమాశనం, అంటే వేళాపాళా లేని, సరిపడని తిండి. ఈ నాలుగింటిలో వంశం లేదు. సుశ్రుతుడు ఇంకొక అడుగు ముందుకు వేసి, మనిషి నుండి మనిషికి ప్రాకే రోగాలలో శోషను చేర్చి, స్పర్శను, నిశ్వాసాన్ని, సహభోజనాన్ని పేర్కొన్నాడు. వైద్యులిద్దరూ ఇలా అంటూండగా, మనుస్మృతి మూడవ అధ్యాయం మాత్రం ఎంత సంపన్నులైనా సంబంధం చేసుకోరాని పది కులాల జాబితాలో క్షయరోగమున్న ఇంటిని చేర్చింది. మనవాళ్ళు వైద్యుల మాట విడిచి స్మృతికర్త మాట పట్టుకొన్నారు. అదైనా పూర్తిగానా? అదే జాబితాలో మొలలున్న వంశమూ, ఒళ్ళంతా రోమాలున్న వంశమూ ఉన్నాయి. వాటిని సౌకర్యంగా మరచిపోయారు.

నా పూర్వవిద్యార్థి మనువును చదవలేదు. చదివినవాడి కంటె గట్టిగా ఆ మాటే ఇంగ్లీషులో చెప్పాడు. నన్ను బాధపెట్టినది ఇదే. పాత నింద శాస్త్రం చొక్కా తొడుక్కొని వస్తే ఎదురు చెప్పడం మరింత కష్టం. అన్నట్లు, మధుమేహం ఉన్నవారికి క్షయ వచ్చే ముప్పు రెండు మూడు రెట్లు ఎక్కువని బాగా రుజువైన విషయం. మా డెల్టాలో షుగరు లేని ఇల్లు వెదకవలసినదే. షుగరున్నదని తప్పిపోయిన సంబంధం నేనింతవరకు వినలేదు.

చరకుని విషమాశనానికి నేటి సాక్ష్యం కూడా ఉన్నది. ఝార్ఖండ్‌లో నాలుగు జిల్లాలలో జరిపిన రేషన్స్ అనే పరిశోధన ఫలితం 2023లో లాన్సెట్‌లో వచ్చింది. రోగుల ఇండ్లలోని 10,345 మందిని తీసుకొని, ఒక వర్గానికి నెలనెలా బియ్యం, పప్పు, విటమిను బిళ్ళలు ఇచ్చారు. ఆ ఇండ్లలో కొత్తగా క్షయ రావడం నూటికి 39 వంతులు తగ్గింది. ఆ ఇంటివారి జన్యువులను ఎవరూ మార్చలేదు. కుంచెడు బియ్యం, గిద్దెడు పప్పు చేసిన పని అది.

ఒకప్పుడు ఈ రోగులను ఊరికి దూరంగా ఉంచేవారు. మదనపల్లె దగ్గర ఆరోగ్యవరం, మనకు దగ్గరలో మంగళగిరి శానిటోరియం అటువంటివే. ఇంట్లోనే ఉండి మందులు మింగినా అంతే బాగా నయమవుతుందనీ, దానివల్ల ఇంటివారికి అదనపు ముప్పు లేదనీ మద్రాసులో జరిగిన పరిశోధన 1959లోనే నిరూపించింది. మంగళగిరి శానిటోరియం స్థలంలో ఇప్పుడు ఎయిమ్స్ వెలసింది. ఆ గోడలు పోయాయి గాని, పెండ్లిసంబంధాల దగ్గర కట్టిన గోడ పోలేదు.

జన్యువుల గురించి నిజంగా విచారించవలసిన చోటు ఒకటి మన పెండ్లిళ్ళలో ఉన్నది, అది మేనరికం. పైన చెప్పిన మాల్టా, ట్యునీషియా పిల్లలలో వలె, చెడిన పాఠం రెండు వైపుల నుండీ వస్తేనే ఆ తీవ్రలోపం ఏర్పడుతుంది. ఒకే తాత ప్రతి నుండి ఎత్తివ్రాసిన ఇద్దరిని కలిపితే, ఒకే తప్పు రెండింటిలోనూ ఉండే అవకాశం పెరుగుతుంది. మేనరికాలు ఆంధ్రదేశంలో ఎంత వాడుకో చెప్పనక్కరలేదు. 2017లో సి.సి.ఎం.బి.కి చెందిన తంగరాజ్ గారు మొదలైనవారు ప్రకటించిన వ్యాసంలో, దక్షిణాసియాలో పరిశీలించిన 263 సమూహాలలో 81 సమూహాలు తమలో తామే పెండ్లాడుతూ, కొద్దిమంది మూలపురుషుల జన్యువులనే తరతరాలుగా పంచుకొంటున్నాయని తేలింది. పరాయివాని నయమైపోయిన దగ్గును ఆరా తీసేవారు, మేనమామ కొడుక్కి పిల్లనిచ్చేటప్పుడు ఒక్క ప్రశ్న వేయరు. ఇంట్లో వరుసగా పసిపిల్లలు అంతుబట్టని ఇన్‌ఫెక్షన్లతో పోయి ఉంటే వేయవలసిన ప్రశ్న అక్కడ ఉన్నది, అడగవలసినది వైద్యుని.

చివరకు మాట దగ్గరకు వస్తాను. మనకు తెలిసిన విద్య అదే కదా. పత్రికలలో ఇటువంటి వార్త వచ్చినప్పుడల్లా “వంశపారంపర్యం” అని వ్రాస్తున్నారు. ఆ మాటలో ఇల్లు, పరువు, పాపం అన్నీ వచ్చి కూర్చొన్నాయి. రోగం వంశంలో రావడం వేరు, రోగక్రిమి వచ్చినప్పుడు ఒకరు కొంచెం ఎక్కువ, ఒకరు కొంచెం తక్కువ లొంగడం వేరు. రెండవదానికి పాఠ్యపుస్తకాలు “గ్రహణశీలత” అంటున్నాయి. అది రోగి ఏదో కోరి పుచ్చుకొన్నట్లుగా ఉన్నది. నేను ప్రస్తుతానికి భేదానికి “పాఠభేదం” అనీ, దాని ఫలితానికి “లొంగుబాటు” అనీ వాడుతున్నాను. ఇంతకంటె పొసగిన మాట ఎవరికైనా తోస్తే తెలుపగలరు.