మీ కుళాయి నీటికి జవాబుదారు ఎవరు?

వానలు మొదలుకాగానే వైద్యులందరూ మీకు చెప్పే మాట ఒకటే: నీరు కాచి, చల్లార్చి, వడపోసి త్రాగండి. మంచి సలహాయే, నేనూ చెబుతాను. అయితే దాని వెనుక ఒక అన్యాయం దాగి ఉన్నదని కూడా చెప్పక తప్పదు. ఆస్తి పన్ను, దానిపైన నీటి పన్ను వసూలు చేసుకొని, మురుగు కలిసిన నీటిని ఇంటికి పంపి, రోగం వచ్చిన తరువాత "మీరు కాచుకోలేదు" అనడం ఏ ధర్మం? రోజు కూలితో గ్యాసు బండ కొనుక్కునే కుటుంబం ప్రతి బిందెడు నీటినీ కాచుకోగలదా? కలరా, టైఫాయిడ్, అతిసారం, కలుషిత నీటి వల్ల వచ్చే కామెర్లు వైద్యుని వద్దకు చేరేసరికే ఆలస్యమైనట్లు. వాటిని ఆపవలసిన చోటు పురపాలక సంఘం.

మురుగు కుళాయిలోకి ఎలా వస్తుంది?

మన పట్టణాలలో చాలా చోట్ల నీరు వచ్చేది రోజుకు గంటో, రెండు గంటలో. నీరు వస్తున్నంతసేపు గొట్టంలో ఒత్తిడి ఉంటుంది కనుక, చిల్లు ఉన్నా నీరు బయటికే కారుతుంది. సరఫరా ఆగగానే ఒత్తిడి పడిపోతుంది. అప్పుడు అదే చిల్లు చుట్టూ ఉన్న మురుగును లోపలికి పీల్చుకుంటుంది. కుళాయికి నేరుగా మోటారు బిగిస్తే ఆ పీల్పు మరింత పెరుగుతుంది. ఇక గొట్టం మురుగుకాల్వలో నుంచే పోతున్నదంటే ఫలితం మీరే ఊహించుకోండి. శుద్ధి కేంద్రంలో నీరు నిర్మలంగానే ఉండవచ్చు. రోగం దారిలో కలుస్తుంది.

ఆ దారికి కాపలా క్లోరిన్. భారతీయ ప్రమాణం ఐఎస్ 10500 ప్రకారం వినియోగదారుని కుళాయి వద్ద లీటరు నీటిలో కనీసం 0.2 మిల్లీగ్రాముల క్లోరిన్ మిగిలి ఉండాలి. 100 మిల్లీలీటర్ల నమూనాలో ఒక్క ఈ-కోలి సూక్ష్మజీవి కూడా కనిపించరాదు. క్లోరిన్ పరీక్ష నిమిషాలలో పూర్తయ్యేది, చవకైనది. మరి చివరి వీధిలో ఆ పరీక్ష జరిగిందో లేదో ఎవరు అడగాలి?

1854లో లండన్ బ్రాడ్ స్ట్రీట్‌లో కలరా ప్రబలినప్పుడు జాన్ స్నో అనే వైద్యుడు ఆ మరణాలకు ఒక చేతిపంపు నీరే కారణమని గుర్తించాడు. పంపు పిడిని తీయించే అధికారం ఆయనకు లేదు. స్థానిక పారిష్ పాలక మండలి ముందుకు వెళ్లి చెప్పాడు. మరునాడే పిడి తీశారు. స్నో పేరు వైద్య విద్యార్థులందరికీ తెలుసు. ఆయన మాట వినడానికి ఆ సాయంత్రం ఒక మండలి కూర్చుని ఉన్నదన్న సంగతిని మాత్రం మనం మరచిపోతున్నాం.

ఖాళీ కుర్చీల కాలం

74వ రాజ్యాంగ సవరణ 1993 జూన్ 1న అమలులోకి వచ్చింది. పట్టణ పాలక సంస్థలకు అప్పగించదగిన 18 అంశాలను పన్నెండవ షెడ్యూలు పేర్కొన్నది. వాటిలో నీటి సరఫరా, ప్రజారోగ్యం, పారిశుద్ధ్యం ఉన్నాయి. పాలకవర్గం గడువు ఐదేళ్లు. అది ముగిసేలోపే ఎన్నికలు జరగాలని 243-యు అధికరణం శాసిస్తున్నది. మరి జరిగినదేమిటి?

గుంటూరు నగరపాలక సంస్థ పాలకవర్గం గడువు 2010లో ముగిస్తే, మళ్లీ ఎన్నికలు జరిగినది 2021 మార్చిలో. విశాఖపట్నంలో 2012 నుంచి 2021 వరకు అదే స్థితి. ఆ మధ్య అంతా ప్రత్యేకాధికారుల పాలన. 2018 మార్చిలో గుంటూరులో కలుషిత నీటి వల్ల అతిసారం ప్రబలి ప్రాణాలు పోయాయి, వందలమంది ఆసుపత్రుల పాలయ్యారు. ఆ రోజున నగరంలో ఎన్నికైన కార్పొరేటరు ఒక్కరూ లేరు. 2009 మే నెలలో హైదరాబాదు భోలక్‌పూర్‌లో కలుషిత నీరు ప్రాణాలు తీసినప్పుడూ అంతే; మహానగర పాలక సంస్థకు తొలి ఎన్నికలు ఆ ఏడాది నవంబరులో గాని జరగలేదు.

పాలకవర్గం ఉంటే ఆ మరణాలు తప్పక ఆగేవని నేననను. పాలకవర్గం ఉన్న విజయవాడలోనే 2024 వేసవిలో మొగల్రాజపురం వాసులు అతిసారంతో ఆసుపత్రులకు చేరారు. కమిషనరులలో సమర్థులు లేరనీ అనను. కాని కమిషనరును నియమించేది, బదిలీ చేసేది రాష్ట్ర ప్రభుత్వం. ఆయన చూపు పైకే ఉంటుంది. కార్పొరేటరు మళ్లీ మీ గడప తొక్కవలసినవాడు. ఫలానా వీధిలో పాత గొట్టం ఎందుకు మార్చలేదని అధికారిని నిలబెట్టి అడిగి, ఆ జవాబును రికార్డులోకి ఎక్కించగల వేదిక కౌన్సిల్ సమావేశం. దానిని ఏళ్ల తరబడి మూసి ఉంచడం ప్రజారోగ్యానికి చేసే అపచారం. ఏ పార్టీ అధికారంలో ఉన్నా వార్డుల పునర్విభజన, గ్రామాల విలీనం, కోర్టు వ్యాజ్యాలు అంటూ వాయిదాలు వేస్తూనే వచ్చింది. గడువులోగా ఎన్నికలు జరిపి తీరాలని సుప్రీంకోర్టు 2006లోనే కిషన్ సింగ్ తోమర్ కేసులో స్పష్టం చేసింది.

మీరు చేయవలసినవి

1. మీ వార్డులో గత నెల ఎన్ని నీటి నమూనాలు తీశారు, చివరి వీధిలో క్లోరిన్ ఎంత ఉన్నది అని వ్రాతపూర్వకంగా అడగండి. జవాబు రాకపోతే సమాచార హక్కు చట్టం ఉన్నది. 30 రోజులలో సమాధానం ఇచ్చి తీరాలి.

2. మురుగుకాల్వల గుండా పోయే గొట్టాలను గుర్తించి జాబితా వ్రాయండి. వాటిని మార్చడానికి బడ్జెట్‌లో ఎంత కేటాయించారో కార్పొరేటరును కౌన్సిల్‌లో అడగమనండి.

3. మూడు లక్షలు, అంతకు మించి జనాభా ఉన్న నగరాలలో వార్డు కమిటీలు ఉండాలని 243-ఎస్ అధికరణం చెబుతున్నది. తెలంగాణ 2019 చట్టం వార్డుకు నాలుగు కమిటీలు పెట్టమన్నది. మీ వార్డు కమిటీ చివరిసారి ఎప్పుడు సమావేశమైనదో విచారించండి. వీలైతే అందులో చేరండి.

4. ఒకే వీధిలో రెండు మూడు ఇళ్లలో ఒకేసారి విరేచనాలు కనిపిస్తే ఓఆర్ఎస్ త్రాగించడం, ఆసుపత్రికి తీసుకువెళ్లడంతో ఆగకండి. పట్టణ ఆరోగ్య కేంద్రానికి, మునిసిపల్ ఆరోగ్యాధికారికి అదే రోజు తెలియజేయండి. కుళాయికి బిగించిన మోటారును తీసివేయండి.

నీరు కాచుకునే త్రాగండి. కాని పన్ను కట్టిన తరువాత కూడా కాచుకోవలసిన గతి ఎందుకు పట్టిందో అడగడం మానకండి.