ఆత్మరక్షణ ఎవరి హక్కు?

వాకాడులో మా ఇంటి అరుగు మీద జరిగిన ఒక వాదనతో ఈ వ్యాసం మొదలు పెట్టవలసి వస్తున్నది. నా మిత్రుడొకడు, చదువుకున్నవాడు, మంచివాడు, మన పత్రికను ఆసాంతం చదివేవాడు, నన్నిలా నిలదీశాడు: "మీ అభ్యుదయ రచయితలది రెండు నాలుకల ధోరణి. పేదవాడు గొడ్డలెత్తితే ఆత్మరక్షణ అంటారు. పోలీసువాడు తుపాకి పేలిస్తే హత్య అంటారు. చావు చావే గదా! కొలత ఒకటే వుండాలి గదా!"

కొలత ఒకటే వుండాలన్న మాటను నేను మనస్ఫూర్తిగా ఒప్పుకుంటున్నాను. ఆ ఒక్క కొలతనే పట్టుకుని చూద్దాం. దానికి ఎవరు నిలుస్తారో, ఎవరు నిలవరో తేలిపోతుంది. ముందే చెబుతున్నాను, మన రచయితల్లో కొందరు కూడా నిలవరు. వారిలో నేనొకణ్ణి.

ఆ కొలతను మనం కొత్తగా కనిపెట్టనక్కరలేదు. 1860 నాటి భారత శిక్షాస్మృతిలో 96 నుంచి 106 దాకా వున్న సెక్షన్లు దాన్ని గురించినవే. 2024 జూలై 1 నుంచి అమలులోకి వచ్చిన భారతీయ న్యాయ సంహితలో అవే 34 నుంచి 44 దాకా సర్దుకున్నాయి. అంకెలు మారాయి గాని సారం మారలేదు. తన వంటి మీదికి వచ్చిన దాడినే గాక, పక్కవాడి వంటి మీదికి వచ్చిన దాడిని కూడా అడ్డుకునే హక్కు ప్రతి మనిషికీ వుంది. ప్రాణం పోతుందనో, తీవ్రమైన గాయం తగులుతుందనో, మానభంగం జరుగుతుందనో సహేతుకమైన భయం కలిగినప్పుడు, అడ్డుకునే యత్నంలో ఎదుటివాడి ప్రాణం పోయినా అది నేరం కాదు. మొదటి దెబ్బ తగిలేదాకా ఆగాలన్న నియమమూ లేదు. భయం పుట్టిన క్షణంలోనే హక్కూ పుడుతుంది. అయితే ఆ భయం తొలగిన క్షణంలోనే అదీ పోతుంది. అధికారులను ఆశ్రయించే వ్యవధి వున్నవాడికి ఆ హక్కు లేదు. అవసరానికి మించి కొట్టినవాడికి ఆ మించినంత మేరకు రక్షణ లేదు. అన్నిటికంటె ముఖ్యమైనది మరొకటుంది: నేను ఆత్మరక్షణ కోసమే కొట్టానని చెప్పుకునేవాడే ఆ సంగతిని కోర్టులో చూపించుకోవాలి.

ఈ చట్టం ముసాయిదా రాసిన మెకాలే బృందం, ఈ దేశపు జనం దోపిడీగాళ్ళ ముందు మరీ ఓర్పుగా తలవంచుతున్నారనీ, వారిలో కాస్త పౌరుషం రగిలించాలనీ 1837లో అభిప్రాయపడింది. జనాన్ని నిరాయుధుల్ని చేసి ఏలుతున్న కంపెనీ దొరలు పౌరుషాన్ని గురించి బెంగపెట్టుకోవడం వింతే. కాని చట్టం మాత్రం మంచిదే. ప్రాణం మీదికి వచ్చినప్పుడు మనిషి కొట్టిన దెబ్బను బంగారం తూచే త్రాసులో పెట్టి తూచరాదని మన న్యాయస్థానాలు కూడా పదేపదే చెప్పాయి. 2010లో దర్శన్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు ఈ సూత్రాలన్నిటినీ ఒకచోట కూర్చింది.

ఇక, త్రాసులో ఎవరెలా తూగుతున్నారో చూద్దాం.

మా మండలంలో సముద్రపు వొడ్డున ఒక పట్టపుపాళెంలో చేపల గంప నెత్తిన పెట్టుకుని బతికే మనిషి వుంది. పేరు చెప్పను. ఆమె కూతురు మొగుడి బాధ పడలేక పుట్టింటికి వచ్చేసింది. అతను తాగి వచ్చి చంపుతానని రెండుసార్లు బెదిరించి పోయాడు. ఆ తల్లి పాళెం పెద్దల దగ్గర మొరపెట్టుకుంది. వాళ్ళు సర్దుకుపొమ్మన్నారు. ఠాణాకు రెండు అర్జీలు ఇచ్చుకుంది. ఆ రెండూ నా చేత్తో రాసినవే గనుక నాకు బాగా గుర్తు. వాటి మీద ఏ చర్యా లేదు. మూడోసారి అతను రాత్రిపూట చేపలు కోసే కత్తితో వచ్చాడు. కూతురికీ కత్తికీ మధ్య తల్లి నిలబడింది. గోడకు ఆనించిన తెడ్డు చేతికి దొరికింది. మొదటి దెబ్బ భుజం మీద పడింది. రెండో దెబ్బ ముంజేతి మీద పడింది. ఎముక విరిగి కత్తి కిందపడింది. ఆమె తెడ్డు పక్కన పెట్టి, అల్లుడికి మంచినీళ్ళు ఇమ్మని కూతురితో చెప్పింది.

తీవ్రగాయం చేసిందని ఆమె మీద కేసు పెట్టారు. నాలుగేళ్ళు వాయిదాలకు తిరిగింది. వాయిదా వున్న రోజు గంప ఎత్తేది లేదు, ఆ రోజు పొయ్యిలోకి పిల్లి లేచేది లేదు. బోనులో ఆమెను అడిగిన ప్రశ్నలన్నీ చివరకు ఒక ప్రశ్న దగ్గరికే వచ్చాయి: మొదటి దెబ్బతోనే ఎందుకు ఆపలేదు? ఆమె చెప్పిన జవాబు నేను కోర్టు వరండాలో మళ్ళీ ఆమె నోటనే విన్నాను. "రొండో దెబ్బ ఎందుకేసినావని అడగతా వుండారు అయ్యోరా. మొదటి దెబ్బకి కత్తి వాడి చేతిలోనే వుండె గదా!"

శిక్షాస్మృతిలోని పదకొండు సెక్షన్ల సారం ఆ ఒక్క మాటలో వుంది. కత్తి చేతిలో వున్నంతసేపు కొట్టింది, కత్తి పడగానే ఆపింది. కేసు కొట్టేశారు. న్యాయం జరిగిందనే అనుకుందాం. కాని ఆ న్యాయానికి ఆమె నాలుగేళ్ళ ఆయుష్షు చెల్లించింది. తను చెప్పిన ప్రతి మాటకూ రుజువు చూపించింది. నేను ఫిర్యాదు చేయడం లేదు. కొలత అలాగే వుండాలి. ఆ కొలతనే మిగతావారికీ వర్తింపజేయమంటున్నాను.

వాకాడు నుంచి శేషాచలం కొండలు ఒక పూట ప్రయాణం. 2015 ఏప్రిల్ 7న ఆ అడవిలో 20 మంది తమిళ కూలీలను పోలీసులు కాల్చి చంపారు. వంద మందికి పైగా గొడ్డళ్ళతో, రాళ్ళతో తమ మీదికి వచ్చారనీ, ఆత్మరక్షణ కోసం కాల్చామనీ పోలీసులు చెప్పారు. ఇరవై మంది చనిపోయిన ఆ ఘోర యుద్ధంలో పోలీసుల వైపు ఒక్క ప్రాణమైనా పోలేదు. సరిగ్గా అదే రోజున తెలంగాణలో ఆలేరు దగ్గర, వరంగల్ జైలు నుంచి హైదరాబాదు కోర్టుకు తీసుకుపోతున్న అయిదుగురు విచారణ ఖైదీలు పోలీసు వాహనంలోనే హతులయ్యారు. తుపాకులు లాక్కోబోయారట, ఆత్మరక్షణ కోసం కాల్చారట. చనిపోయినవాళ్ళ చేతులకు బేడీలు వున్నట్లు దేశమంతా ఫోటోల్లో చూసింది. మా పట్టపుపాళెం మనిషిని "రెండో దెబ్బ ఎందుకు?" అని నాలుగేళ్ళు అడిగిన రాజ్యం, బేడీల చేతుల మీద పేలిన తూటాలను అదే పట్టుదలతో లెక్క అడిగిందా?

అడగాలని చెప్పినవారు లేకపోలేదు. 2009 ఫిబ్రవరి 6న ఆంధ్రప్రదేశ్ హైకోర్టు అయిదుగురు న్యాయమూర్తుల ధర్మాసనం, ఎన్‌కౌంటరులో మనిషి చనిపోతే ఎఫ్.ఐ.ఆర్. నమోదు చేయవలసిందేననీ, ఆత్మరక్షణ అన్నది పోలీసులు విచారణలో నిరూపించుకోవలసిన సంగతేగాని ముందే తేల్చేసుకోదగినది కాదనీ తీర్పు చెప్పింది. ఎంత సామాన్యమైన మాట! మా చేపల గంప మనిషికి ఏ ధర్మాసనమూ చెప్పకుండానే వర్తించిన మాట. పోలీసులకు వర్తించడానికి మాత్రం అయిదుగురు న్యాయమూర్తులు కూర్చోవలసి వచ్చింది. నెల తిరగకముందే సుప్రీంకోర్టు ఆ తీర్పును నిలిపివేసింది. 2014 సెప్టెంబరులో ఆ సుప్రీంకోర్టే పి.యు.సి.ఎల్. కేసులో పదహారు మార్గదర్శకాలు ఇచ్చింది. శేషాచలం, ఆలేరు ఆ తర్వాత ఏడు నెలలు నిండకుండా జరిగినవే.

2019 డిసెంబరు 6న షాద్‌నగర్ సమీపాన చటాన్‌పల్లి దగ్గర ఒక అత్యాచారం, హత్య కేసులో నిందితులు నలుగురిని కాల్చి చంపినప్పుడు కూడా అదే మాట వినిపించింది. జనం పోలీసుల మీద పూలు చల్లారు. ఆ రోజు మా వూళ్ళో కూడా మిఠాయిలు పంచారు. నేను నోరు విప్పలేదు. ఆ ఆడబిడ్డకు జరిగిన ఘోరం అంతటిది మరి, ఎవరితో ఏం వాదిస్తాం? జస్టిస్ సిర్‌పుర్‌కర్ కమిషన్ నివేదిక 2022 మే నెలలో బయటికి వచ్చింది. నిందితులు ఆయుధాలు లాక్కున్నారన్న కథనం నమ్మదగినది కాదనీ, చంపాలనే ఉద్దేశంతోనే కాల్పులు జరిగాయనీ కమిషన్ తేల్చింది. చనిపోయినవారిలో ముగ్గురు మైనర్లని కూడా చెప్పింది. నా మౌనం నాకు అప్పుడు కొరికింది.

పోలీసువాడి ప్రాణం ప్రాణం కాదని నేను అనను. అతని మీదికి నిజంగా ఆయుధం లేస్తే అతనికీ అదే హక్కుంది. కాని తర్ఫీదు వున్నవాడు, చేతిలో తుపాకి వున్నవాడు, వెనక దళం వున్నవాడు, పట్టుకుని కోర్టుకు అప్పగించడమే ఉద్యోగంగా గలవాడు "నాకు వేరే దారి లేకపోయింది" అంటే దాన్ని ఒంటరి ఆడమనిషి మాటకంటె గట్టిగా పరీక్షించాలి గాని తేలికగా నమ్మరాదు. నా మిత్రుడు కోరిన ఒకే కొలత ఇదే.

కొలత తప్పడం ఠాణాల్లోనే కాదు, వూళ్ళల్లో అంతకు ముందునుంచే వుంది. 1985 జూలైలో కారంచేడులో మాదిగపల్లె వాళ్ళు మంచినీళ్ళు ముంచుకునే చెరువు దగ్గర గేదెల కుడితి బకెట్టు కడగవద్దన్నందుకు గొడవ జరిగింది. కొట్టవచ్చినవాడికి అడ్డంగా ఒక స్త్రీ తన బిందె ఎత్తింది. మంచినీళ్ళ బిందె! ఏ శాస్త్రం ప్రకారం చూసినా అది ఆత్మరక్షణే. కాని వూరి పెత్తందార్లకు అది తిరుగుబాటుగా కనిపించింది. మర్నాడు, జూలై 17న, పల్లె మీద పడి ఆరుగురిని చంపారు. దాడి చేసేవాడికి ఎదుటివాడు ఆత్మరక్షణ చేసుకోవడమే పెద్ద నేరం. కులం, భూమి, అధికారం ఒక పక్క చేరినచోట చట్టంలోని హక్కుకు ఇంత విలువే వుంటుందని చెప్పడానికి ఇంతకంటె సాక్ష్యం అక్కరలేదు.

ఇప్పుడు మన ఇంటి సంగతికి వస్తాను. పైన చెప్పిన పట్టపుపాళెం సంఘటన మీద నేనొక కథ రాశాను. అచ్చయింది కూడా. కథలో తల్లి కత్తి లాక్కుని అల్లుణ్ణి నరికేస్తుంది. అర్జీలు లేవు, పెద్దల పంచాయతీ లేదు, తెడ్డు లేదు. ఆవేశం వుంది, ఎర్రబారిన ఆకాశం వుంది. మెచ్చుకుంటూ ఉత్తరాలు వచ్చాయి. ఆమెకు చదువు రాదు. కూతురు చదివి వినిపించిందట. నన్ను రేవు దగ్గర పట్టుకుని అడిగింది: "వాడు సచ్చినట్టు రాసినారే అయ్యోరా! సావకూడదనే గదా నేను చెయ్యి మీద కొట్టింది!"

సమాధానం చెప్పలేకపోయాను. మన కథల్లో ఎన్నిటిలో ఇదే జరుగుతున్నది! ఆఖరి దారిని మొదటి దారిగా రాస్తున్నాం. అంతకు ముందు మూసుకుపోయిన తలుపులను ఒక్కొక్కటిగా చూపించే ఓపిక మనకు లేదు. ఆ తలుపులు ఎవరు మూశారో చూపడమే గదా అసలైన విమర్శ! అది వదిలేసి గొడ్డలిని మాత్రమే కీర్తిస్తే, నా మిత్రుడు మనల్ని రెండు నాలుకలవాళ్ళని అనడా? 2007 సెప్టెంబరులో మా వాకాడు ప్రాంతంలోనే మాజీ ముఖ్యమంత్రి నేదురుమల్లి జనార్దనరెడ్డినీ, అప్పుడు మంత్రిగా వున్న ఆయన భార్యనూ చంపాలని మావోయిస్టులు మందుపాతర పేల్చారు. వారిద్దరూ బయటపడ్డారు. వెంట వచ్చినవాళ్ళు చనిపోయారు. ఆయన ముఖ్యమంత్రిత్వాన్ని నేను చాలాచోట్ల విమర్శించాను, 1991 ఆగస్టులో చుండూరు మారణకాండ ఆ కాలంలోనే జరిగింది. అయినా రోడ్డు కింద పాతిపెట్టి కాచుకున్నదాన్ని ఆత్మరక్షణ అని ఏ నిఘంటువూ ఒప్పుకోదు. ఆనాడు ఆ మాట కొందరు మిత్రులతో అంటే నన్ను మెతకవాడన్నారు. అనుకోనీ.

మెతకదనానికీ ఆఖరి దారికీ తేడా మా జిల్లా ఆడవాళ్ళకు తెలుసు. 1991, 1992లలో దూబగుంటలో మొదలై వూరూరా పాకిన సారా వ్యతిరేకోద్యమంలో వాళ్ళు చీపుళ్ళు పట్టారు, కారం పొడి పట్టారు. ఒంటిమీదికి వచ్చినవాణ్ణి ఆపడానికి సరిపోయే ఆయుధాలవి, ప్రాణం తీసేవి కావు. 1993 అక్టోబరు 1న రాష్ట్రమంతటా సారా నిషేధం వచ్చింది. ఆ కారం పొడి ముంతను మించిన తూకం నేను ఏ న్యాయశాస్త్ర గ్రంథంలోనూ చూడలేదు.

పత్రికల్లో రాసే మన సోదరులకు ఒక విన్నపం చేయాలని వుంది. "ఆత్మరక్షణ కోసం జరిపిన కాల్పుల్లో" అని అచ్చు వేయకండి. "ఆత్మరక్షణ కోసం కాల్చామని పోలీసులు అంటున్నారు" అని వేయండి. మా పట్టపుపాళెం మనిషి విషయంలో మీరు వేసింది కూడా అంతే గదా: "అల్లుడిపై దాడి చేసిన అత్త" అని శీర్షిక, చివరి వాక్యంలో "తన కూతురిని కాపాడుకునేందుకేనని ఆమె చెబుతోంది" అని.

ఇదంతా విని నా మిత్రుడు పూర్తిగా ఒప్పుకోలేదు. శేషాచలం అడవిలో చీకట్లో వున్న కానిస్టేబులు స్థానంలో నువ్వుంటే ఏం చేసేవాడివని అడిగాడు. ఆ కానిస్టేబులు బోనెక్కి ఆ మాట చెబితే వినడానికి నేను సిద్ధమన్నాను. అతను దీనికి జవాబు రాస్తానన్నాడు. రాస్తే దాన్ని ఈ పత్రికలోనే అచ్చు వేయవలసిందిగా సంపాదకులను కోరుతున్నాను.