ఒక పూట వాళ్ల వంటింట్లో
జపాన్ వెళ్లే మనవాళ్లు కొందరు పేరున్న సుషీ హోటళ్ల జాబితా రాసుకుంటారు, కొందరు ఆవకాయ, కందిపొడి సర్దుకుంటారు. రెండూ సరే, కానీ ఒక్క పూటైనా అక్కడి ఇంట్లో, ఆ ఇంటివాళ్లతో కలిసి వండుకుని తినకపోతే ఆ దేశం సగమే తెలిసినట్టు. 2013లో యునెస్కో వారసత్వ జాబితాకెక్కిన ‘వాషోకు’ జపానీయుల సంప్రదాయ ఆహార సంస్కృతి. అది రోజూ కనిపించేది ఇంటి భోజనంలోనే. అన్నం, ఒక సూప్, మూడు కూరలు, కాస్త ఊరగాయ. ఆ సూప్‌కి ప్రాణం ‘దాషి’ అనే పలుచని రసం. కొంబు అనే సముద్రపు నాచును నీళ్లలో నానబెట్టి సన్నసెగ మీద పెడతారు, మరుగు పట్టబోయే ముందు తీసేస్తారు. తర్వాత ఎండబెట్టిన బొనిటో చేప తురుము వేసి వడగడతారు. చివర్లో పులియబెట్టిన సోయా ముద్ద ‘మిసో’ను గరిటెలోనే కరిగించి కలుపుతారు, కలిపాక మరగనివ్వరు, మరిగితే ఘుమఘుమ పోతుంది. ఈ మెలకువలు పొయ్యి పక్కన నిలబడితేనే ఒంటబడతాయి. శాకాహారులూ వెనకాడక్కర్లేదు, ముందే చెబితే కొంబు, ఎండు షిటాకే పుట్టగొడుగులతో దాషి కాయొచ్చు, బౌద్ధ ఆలయాల్లో వండేదీ అలాగే. కలిసి కూరలు తరిగేచోట భాష రాకపోయినా పని ఆగదు, అతిథి అన్న దూరమూ మిగలదు. పల్లెల్లో రైతుల ఇళ్లలో బస దొరుకుతుంది, నగరాల్లో సొంతింట్లోనే వంట నేర్పేవారున్నారు. ప్రయాణం ఖరారు చేసుకునేటప్పుడే ఆ పూటను కేటాయించుకోండి. మీ వంతుగా మన చారు కాచి వాళ్లకూ వడ్డించండి.