సుత్తి మాట ఎక్కడిది?

మధ్యాహ్నం వంటిల్లు సర్దుకుని కాస్త నడుం వాల్చే వేళకు ఎవరో వచ్చి చెప్పిందే మూడోసారి చెబుతుంటే "అబ్బ, ఏం సుత్తి!" అని లోలోపల అనుకోని వాళ్ళెవరు చెప్పండి? మన భువనగిరిలో బడిపిల్లలు కూడా అనే మాటే. దాన్ని ఇంటింటికీ చేర్చింది జంధ్యాల. 1982లో 'నాలుగు స్తంభాలాట'లో వీరభద్రరావు, వేలు చేత అలా సుత్తి కొట్టించారు. ఆ ఇద్దరికీ అదే ఇంటిపేరై కూర్చుంది!

1951లో నరసాపురంలో పుట్టిన జంధ్యాల ముందు నాటకాలు రాశారు. 'అడవి రాముడు' (1977), 'శంకరాభరణం' (1980) మాటలు ఆయనవే. శంకరాభరణంలో మనకు కంటతడి పెట్టించిన కలమే ఇంత నవ్వించిందంటే నమ్మబుద్ధి కాదు. 'ముద్దమందారం' (1981)తో దర్శకుడయ్యారు.

నాకు మరీ ఇష్టం 'శ్రీవారికి ప్రేమలేఖ' (1984). దాని కథ ఒక ఆడమనిషిది, తెలుసా? పొత్తూరి విజయలక్ష్మిగారి 'ప్రేమలేఖ' నవల. అందులో శ్రీలక్ష్మి గుర్తుందా? సినిమా కథ చెప్పడమంటే తెర మీద పడే పేర్ల దగ్గర్నించే మొదలుపెడుతుంది! ఆడవాళ్ళను ఎక్కిరించారని కోపం తెచ్చుకునే వాళ్ళున్నారు. నేనట్ల అనుకోను. ఇంటిపని మధ్య దొరికిన ఆ రెండున్నర గంటల్లో ఒక్క ముక్క కూడా పోనియ్యకుండా దాచుకున్న ఇల్లాలు ఆమె. వినేవాళ్ళు లేక ఆ తంటా. నవ్వొస్తది, పాపం అని కూడా అనిపిస్తది. 'చంటబ్బాయ్' (1986)లో తన కవితల కోసం ఎడిటరు వెంటపడే రచయిత్రీ శ్రీలక్ష్మే. అక్కడ మాత్రం నాకు కొంచెం గుచ్చుకుంది. రాయాలనుకునే ఆడవాళ్ళంటే అంత నవ్వులాటా?

'అహ నా పెళ్ళంట' (1987) సరేసరి. ఆది విష్ణుగారి 'సత్యంగారిల్లు' నవలే దానికి ఆధారం. కోడిని వేలాడదీసి, దాన్ని చూసుకుంటూ వట్టన్నం తినే పిసినారి కోట శ్రీనివాసరావును ఎవరు మరుస్తారు? అసుంటి పిసినారి మన వాడకట్టులోనూ ఉంటడు. మన యాస మాత్రం ఆ నవ్వుల్లో వినపడేది తక్కువే. అదొక్కటే నాకు వెలితి.

2001 జూన్ 19న, 50 ఏళ్ళకే పోయారు జంధ్యాల. ఈసారి టీవీలో ఆయన సినిమా వేస్తే పొయ్యి దగ్గర్నుంచి కాస్త ముందే రండి. మొదట్లో పడే పేర్లు చూడండి, కథ ఎవరిదో.