ఒక్కసారి కట్టే పన్ను, ఏడాదికి ఎంత?

గత నెలలో మేము ఒక గ్రామములో ఇండ్లు దర్శించుచుండగా, ఒక ఇంటి ముందు టార్పాలిన్ కప్పిన కారు కనబడినది. మూడు నెలలుగా అది కదలలేదట. ఆ ఇంటి యజమాని రైతు. ఆయన తల్లిగారికి వారమునకు రెండుసార్లు పట్టణములో డయాలసిస్ చేయించవలెను. ప్రతిసారి బాడుగ కారు మాట్లాడుకొనే శక్తి లేక, పొరుగు రాష్ట్రము నుండి తొమ్మిదేండ్ల పాత కారును 1,80,000 రూపాయలకు తెచ్చుకొన్నారు. "లైఫ్ టాక్స్ కట్టేసిన బండి, ఇక మీకు పన్ను బాధ లేదు" అని అమ్మినవాడు చెప్పినాడు.

ఆ మాటలో సగము నిజమున్నది. పన్ను కట్టినది నిజమే గాని, కట్టినది ఆ రాష్ట్రమునకు. పేరు మార్పించుకొనుటకు వెళ్లినప్పుడు, ఇక్కడ మరల కట్టవలసిన పన్ను కారుకు పెట్టిన వెలలో నాలుగవ వంతుకు దగ్గరగా తేలినది. చిన్న కూతురి హాస్టలు ఫీజు కొరకు దాచినది తప్ప ఇంటిలో వేరే డబ్బు లేదు. "అయ్యగారూ, ముందే ఎవరైనా ఒక్క మాట చెప్పి ఉంటే" అని ఆయన అన్నది మా మనస్సులో నిలిచిపోయినది. ఆ ఒక్క మాట ఈ నెల మీ అందరితో చెప్పదలచుకొన్నాము.

కారుకు రోడ్డు పన్ను కట్టే పద్ధతులు రెండు. కొన్ని దేశములలో ఏటేటా కడతారు. అదే గ్రామములో మరొక ఇంటి కుమారుడు మలేషియాలో ఉద్యోగము చేయుచున్నాడు. ఆయన అక్కడ ప్రతి సంవత్సరము ఇంజను సైజును బట్టి కట్టుచున్నాడు. ఆ దేశపు పశ్చిమ భాగములో, సొంతానికి వాడుకొనే సెడాన్ కారు ఇంజను 1,401 నుండి 1,600 సి.సి. లోపు అయితే ఏడాదికి 90 రింగిట్లు. 1,800 దాటి 2,000 వరకు అయితే 280 రింగిట్లు, ఆపైన 1,800 మించిన ప్రతి సి.సి.కి అర రింగిట్టు. అంటే 1,998 సి.సి. కారుకు 280కి 99 కలిపి 379 రింగిట్లు. ఇంజను కొంచెము పెద్దదైతే ఏటా నాలుగింతలు! అక్కడివారు కారు కొనేటప్పుడే ఇంజను సైజు చూచి, ఏడాదికి ఎంత అని లెక్క వేసుకొందురు.

మన తెలుగు రాష్ట్రములలో సొంత కారుకు అట్లు ఏటేటా కట్టే పని లేదు. కొన్నప్పుడే జీవితకాలపు పన్ను, అనగా లైఫ్ టాక్స్, ఒక్కసారిగా కట్టించుకొందురు. ఇంజనును బట్టి కాదు, కారు వెలను బట్టి. ఒక్కసారే కదా అని మనము దానిని ఏడాది లెక్కలోనికి తీసుకొనము. షోరూములో చెప్పిన మొత్తములో అది కలిసిపోవును గనుక అది కంటికి కనబడదు. అక్కడే మనము మోసపోవుదుము.

కాబట్టి లెక్క వేసి చూచెదము. తెలంగాణలో 2022 మే నెలలో రేట్లు సవరించినారు. దాని ప్రకారము 5 లక్షల లోపు కారుకు 13 శాతము, 5 లక్షలు దాటి 10 లక్షల లోపు అయితే 14 శాతము. 10 లక్షలు మించిన కార్లకు శాతము ఇంకా ఎక్కువ. ఒకే మనిషి పేరున రెండవ కారు అయితే మరి రెండు శాతము అదనము. ఆంధ్రప్రదేశ్‌లోను పద్ధతి ఇదే, వెల మీద శాతము. రేట్లు మారుచుండును గనుక, కొనే నెలలో మీ రవాణా కార్యాలయములో అడిగి ఈ లెక్కలో పెట్టుకొనవలెను. లెక్క వేసే విధానము మాత్రము మారదు.

6 లక్షల కారు తీసుకొనుడి. 14 శాతము చొప్పున పన్ను 84,000 రూపాయలు. మన రిజిస్ట్రేషను మొదట 15 సంవత్సరములకు ఇస్తారు. 84,000ను 15తో భాగిస్తే ఏడాదికి 5,600, నెలకు సుమారు 467. ఇది మొదటి లెక్క.

అయితే ఆ కారును మీరు పదిహేనేండ్లు ఉంచుకొంటారా? ఏడేండ్లకే మార్చే ఆలోచన ఉంటే, భాగించవలసినది 7తో. అప్పుడు ఏడాదికి 12,000. అమ్మేటప్పుడు వచ్చే వెలలో కొంత తిరిగి దొరకవచ్చును గాని, దానిని ముందే నమ్ముకొని లెక్క వేయరాదు. ఇది రెండవ లెక్క.

మూడవది అప్పు లెక్క. చాలామంది పన్నును కూడా కారు లోనులోనే కలిపించుకొందురు. 84,000 రూపాయలను ఏటా 10 శాతము వడ్డీతో అయిదేండ్ల వాయిదాలలో తీర్చినచో, నెలకు సుమారు 1,785 చొప్పున మొత్తము 1,07,000 దాటును. పన్నుకు కట్టిన వడ్డీయే 23,000! చేతిలో ఉన్నంత డబ్బును మొదట పన్నుకు కట్టి, కారు వెలకు మాత్రమే అప్పు చేయుట మేలు. అది కూడా కుదరనిచో, ఇంకొక సంవత్సరము ఆగి కూడబెట్టుటలో సిగ్గుపడవలసినది ఏమియు లేదు.

మెట్టు దగ్గర కూడ జాగ్రత్త వహించవలెను. 5 లక్షల కారుకు 13 శాతము చొప్పున 65,000. 5,10,000 కారుకు 14 శాతము చొప్పున 71,400. వెలలో తేడా పదివేలే గాని, శాతము మొత్తము వెల మీద పడును గనుక పన్నులో తేడా 6,400. ఏదో ఒక అలంకారము కొరకు పై రకము తీసుకొనే ముందు ఈ తేడాను అడిగి తెలిసికొనుడి. కరెంటు కార్ల విషయములో తెలంగాణ ప్రభుత్వము 2024 నవంబరులో, 2026 డిసెంబరు 31 వరకు రోడ్డు పన్ను మినహాయింపు ప్రకటించినది. అట్టి కారు కొనదలచినవారు కొనే రోజున ఏ నిబంధన ఉన్నదో చూచుకొనవలెను.

ఇక పాత కారు సంగతి. ఒకే రాష్ట్రములో చేతులు మారిన కారుకు లైఫ్ టాక్స్ మరల కట్టనక్కరలేదు. రాష్ట్రము మారినప్పుడే చిక్కు. మోటారు వాహనముల చట్టము ప్రకారము మరొక రాష్ట్రములో 12 నెలలకు మించి ఉంచిన బండికి అక్కడి నెంబరు తీసుకొనవలెను. క్రొత్త నెంబరుకు క్రొత్త పన్ను. బండి వయస్సు పెరిగిన కొద్దీ శాతము తగ్గును. కాని ఆ శాతమును వేసేది మీరు ఇచ్చిన పాత వెల మీద కాదు, ఆ బండి క్రొత్తగా కొన్ననాటి వెల మీద. మన రైతు సోదరునికి తెలియనిది ఇదే. సరిహద్దు గ్రామములవారు ఇంకొకటి గుర్తుంచుకొనవలెను. 2014 జూన్ 2 నుండి మనవి రెండు రాష్ట్రములు. అటు తరువాత విజయవాడలో పన్ను కట్టిన బండిని ఖమ్మమునకు మార్చినా ఇదే సంగతి.

కాబట్టి పాత కారుకు బయానా ఇవ్వక ముందు నాలుగు సంగతులు చూడుడి. ఒకటి, ఆర్.సి.లో ఏ రాష్ట్రపు నెంబరు ఉన్నదో. రెండు, మొదటి ఇన్వాయిసు కాగితము దొరుకుచున్నదో లేదో. మూడు, అమ్మేవాడు తన రాష్ట్రపు కార్యాలయము నుండి ఎన్.ఓ.సి. తెచ్చి ఇచ్చునో లేదో. లోను మిగిలి ఉంటే ముందు బ్యాంకు ఒప్పుకొనవలెను. నాలుగు, బండి వయస్సు. 15 ఏండ్లు నిండితే ఫిట్‌నెస్ చూపించి అయిదేండ్లకొకసారి రిజిస్ట్రేషను పొడిగించుకొనవలెను, అప్పుడు గ్రీన్ టాక్స్ వేరే ఉండును. ఈ కాగితములు తీసుకొని రవాణా కార్యాలయమునకు వెళ్లి, "ఈ బండి ఇక్కడికి తెస్తే ఎంత కట్టవలెను?" అని అడుగుడి. ఒక పూట పోవును, అంతే. పాత రాష్ట్రములో కట్టిన పన్నులో మిగిలిన కాలపు భాగమును తిరిగి కోరుటకు దారి ఉన్నది గాని, ఇక్కడ కట్టిన రసీదు చూపిన తరువాతనే అది కదులును. ఆ డబ్బును నమ్మి బయానా ఇవ్వవద్దు.

ఇన్సూరెన్సు పన్నులో చేరినది కాదని కూడ మరువవద్దు. అది గడువు తీరినప్పుడెల్ల కట్టవలసినదే.

ఆ రైతు ఏమి చేసినాడని మీరు అడుగుదురు. హాస్టలు డబ్బు ముట్టుకొనలేదు. పాడిగేదెను అమ్మి పన్ను కట్టినాడు. ఇప్పుడు కారు మీద టార్పాలిన్ లేదు, తల్లిగారు దానిలోనే ఆసుపత్రికి వెళ్లి వచ్చుచున్నారు. మొన్న మేము వెళ్లినప్పుడు ఆమె మాకు టీ ఇచ్చి, "పాలు కొన్నవే అయ్యగారూ, చిక్కగా లేవు" అని నొచ్చుకొన్నారు.

మీ ఇంటిలో కారు మాట వచ్చిన నాడు, వెల అడిగిన నోటితోనే పన్ను కూడ అడుగుడి. ఒక కాగితము మీద వ్రాసి, ఏండ్లతో భాగించి, ఇంటిల్లిపాది కూర్చుండి చూడుడి. ఆ తరువాతనే బయానా.